బావ అన్నాడు

ఎనిమిదేళ్లు నా రోజు ఒక కత్తిని చూసుకోవడంతో మొదలైంది. పొద్దున్నే మరిది పనికి వెళ్లిపోయాక తలుపు దగ్గరికి వేసి, పీట ఎక్కి, చూరులోకి చెయ్యి పెట్టేదాన్ని. గోనెగుడ్డ చుట్ట చేతికి తగిలేది. తీసి విప్పేదాన్ని. కత్తికి తుప్పు ఉంటే ఆ రోజుకి బతికాం. నూనె వాసన వస్తే ఆ రోజు నాకు ముద్ద దిగేది కాదు. అది సొరచేపని కోసే కత్తి, మూరెడు పొడుగు. నా మొగుడిది. ఆయన పోయాక దాన్ని ఆయన తమ్ముడు తీసుకున్నాడు. నా అన్నని చంపడానికి.

ఇది నా చేత్తో రాసింది కాదు. నాకు అక్షరాలు పెద్దయ్యాక వచ్చాయి, అవీ అన్నీ రాలేదు. నేను చెప్తుంటే నా కూతురు రాస్తోంది. నా మాటని పుస్తకంలో మాటలా సర్దుతోంది. సర్దుకోమన్నాను. కానీ మనుషులు ఒకరితో ఒకరు అన్న మాటల్ని మాత్రం ముట్టుకోవద్దన్నాను. ఇదంతా ఒక్క మాట వల్ల వచ్చింది కాబట్టి, మాటలు అన్నవాళ్లు అన్నట్టే ఉండాలి.

ముందు మా చుట్టరికం చెప్పాలి. మా అత్త, అంటే నా మొగుడి తల్లి, మా నాన్నకి సొంత చెల్లెలు. మా రెండిళ్లూ జాలారిపేటలో ఎదురెదురుగా ఉండేవి, మధ్యలో ఒక రిక్షా పట్టేంత సందు. నాకు తల్లి చిన్నప్పుడే పోతే అత్త చేతి అన్నమే తిని పెరిగాను. అత్త పెద్దకొడుక్కి నన్నిచ్చి చెయ్యాలని నేను పుట్టినప్పుడే అనుకున్నారు. అందుకని పెళ్లికి ముందూ ఆయన నాకు బావే, తర్వాతా బావే. ఆయనకి నా అన్న బావ. నా మరిదికీ నా అన్న బావ. ఇంతటితో అయిపోయిందా అంటే, లేదు. హార్బరులో ఐసు మోసేవాణ్ణి పిలవాలన్నా బావే, డీజిలు పట్టేవాణ్ణి పిలవాలన్నా బావే. మా ఊళ్లో మగవాళ్లందరికీ కలిపి ఉన్న పేరు అదొక్కటి.

నా మొగుడూ నా అన్నా చెరొక బోటు మీద వెళ్లేవారు. ఒకసారి సముద్రంలో రెండు బోట్ల వలలూ ఒకదాన్నొకటి చుట్టేసుకున్నాయి. విడదీయడానికి టైము లేదని అన్న నా మొగుడి వలని కోసేశాడు. బోట్లు ఒడ్డుకొచ్చాక జెట్టీ మీద ఇద్దరూ కలబడ్డారు. హార్బరంతా చూస్తుండగా అన్న అన్నాడు:

"ఇంకోపాలి నా వల మీదకొస్తే కోసీది వల కాదు బావా."

మా వాళ్లు కోపమొస్తే ఇలాగే మాట్లాడతారు. సాయంత్రానికి మర్చిపోతారు. ఈ మాట మర్చిపోయే వీలు ఎవరికీ లేకుండా పోయింది. మర్నాడు మధ్యాహ్నం, నేను సీతమ్మధార ఇళ్లల్లో చేపలు అమ్మి ఖాళీ గంపతో హార్బరుకి తిరిగొచ్చేసరికి, ఐసు మిల్లు వెనక మనుషులు గుంపుగా ఉన్నారు. నన్ను చూసి దారిచ్చారు. దారిచ్చినప్పుడే నాకు తెలిసిపోయింది.

ఆయన వెల్లకిలా పడి ఉన్నాడు. తల వెనక నుంచి రక్తం కారి ఐసు నీళ్లతో కలిసి కాలవ కట్టింది. నేను గంప పారేసి, తల ఒళ్లోకి తీసుకుని, "బావా, బావా" అని పిలిచాను. కళ్లు విప్పాడు. నన్నే చూశాడు. పెదాలు కదిపాడు.

"బావా" అన్నాడు.

రెండోసారి కూడా అదే. ఇంకేమీ లేదు. వ్యాన్ ఎక్కించి పెద్దాసుపత్రికి తీసుకెళ్లేలోగా దారిలోనే పోయాడు.

ఆసుపత్రి వరండాలో మరిది నా భుజాలు పట్టుకున్నాడు. వాడికప్పటికి ఇరవై నిండలేదు. అన్న అంటే ప్రాణం వాడికి.

"వదినా, ఆకర్న ఏటన్నాడు? నీతో ఏటో అన్నాడంట. ఏటన్నాడు?"

"బావా అన్నాడు" అన్నాను.

అంతే. నేనేమీ కల్పించలేదు. చెవిన పడింది చెప్పాను. ఆ మాట నా నోట్లోంచి వెళ్లి వాడి మొహంలో ఎక్కడ నాటుకుందో నేను చూస్తూనే ఉన్నాను. ముందురోజు జెట్టీ మీద నా అన్న అన్న మాట వాడూ విన్నాడు. వాడు నా భుజాలు వదిలేసి మెట్లు దిగి పరిగెత్తాడు. ఇంటికెళ్లి కత్తి తీశాడు.

నా అన్న అప్పుడు హార్బరు అవతలి పక్క ఇంజను విప్పి కూర్చున్నాడట. మరిది కత్తి పట్టుకుని వస్తున్నాడని ఎవరో చెప్తే, ఒంటి మీద ఉన్న గ్రీజు చొక్కాతోనే పారిపోయాడు. పారిపోయాడు కాబట్టి వాడే చేశాడన్నారు. పేటలో అందరి నోటా అదే. కత్తికి ఎదురుగా ఎవరు నిలబడతారు అని ఒక్కరూ అనలేదు. నేనూ అనలేదు.

ఎస్సై వచ్చి నన్ను అడిగాడు. కాగితం మీద ఏదో రాసి నా వేలిముద్ర తీసుకున్నాడు. అందులో ఆ మాట రాశాడో లేదో నాకు తెలియదు. తర్వాత చాలా ఏళ్లకి పేటలో చదువు నేర్పే పంతులమ్మ వచ్చి, ముందు నీ పేరు నేర్చుకో అంటే, నా పేరు తర్వాత, బావ ఎలా రాస్తారో చూపించమ్మా అని అడిగాను. ఆవిడ నవ్వింది. నా మొగుడి మీద ప్రేమ అనుకుంది. రెండక్షరాలు. ఇంత చిన్నదా అనిపించింది.

పోలీసులు కొన్నాళ్లు నా అన్న కోసం వెతికారు. తల వెనక ఒకే దెబ్బ, చూసినవాడు లేడు, తడి గచ్చు మీద జారి అక్కడున్న ఇనప దిమ్మ మీద పడి ఉండొచ్చు కూడా అన్నారు. ఆ తర్వాత రావడం మానేశారు. పోలీసులు మానేశారు కానీ మరిది మానలేదు.

పదకొండో రోజున నాకు తెలిసింది.

కర్మ అయిపోయి చుట్టాలు వెళ్లిపోయారు. అత్తా నేనూ అరుగు మీద గోడకి చేరబడి కూర్చున్నాం. నా కూతురికి, ఇప్పుడిది రాస్తున్నదానికే, అప్పుడు మూడేళ్లు. డబ్బా మూతలూ కొబ్బరి చిప్పలూ పెట్టుకుని వంటాట ఆడుతోంది. ఒక చిప్ప తన ముందు పెట్టుకుని, గొంతు లావు చేసి, వాళ్ల నాన్నలా అంది:

"బావా, సల్దెట్టు. ఆకలేస్తంది బావా."

నేను గోడ వదిలి ముందుకి వంగాను.

పెళ్లయిన కొత్తలో, ఆయన వేట నుంచి వస్తే నేను "బావా, తిందువు రా" అని పిలిచేదాన్ని. ఆయన నన్ను వెక్కిరిస్తూ "వస్తన్నాను బావా" అనేవాడు. నవ్వుకి మొదలైంది నోటికి అలవాటైపోయింది. ఇంట్లో నన్ను పిలిచే పిలుపే అది. గుమ్మం దాటితే మాత్రం ఒక్కసారి కూడా అనలేదు. బయట నలుగురిలో నేను "ఒసే"ని. మగవాడు పెళ్లాన్ని బావా అని పిలుస్తాడని హార్బరులో తెలిస్తే వాణ్ణి బతకనిస్తారా. అందుకే ఆ రోజు ఐసు మిల్లు దగ్గర, అంతమంది మధ్య, ఆ మాట నా గురించి అని నాకు తట్టనే లేదు. నేను బావా అన్నాను. ఆయన బావా అన్నాడు. ఎప్పుడూ ఇంట్లో పలికినట్టే నాకు పలికాడు, అంతే. నేను దాన్ని తీసుకెళ్లి నా అన్న మెడకి చుట్టాను.

అత్త వైపు చూశాను. అత్త పిల్లనే చూస్తోంది. ఆవిడకి తెలుసు. మా గదికీ ఆవిడ మంచానికీ మధ్య ఉన్నది ఒక తాటాకు తడక. ఆయన అలా పిలిచినప్పుడల్లా తడక అవతల ఆవిడ నవ్వు ఆపుకోలేక దగ్గేది. ఎన్నిసార్లో విన్నాను ఆ దగ్గు.

"అత్తా" అన్నాను. "నన్నే పిలిసేడు అత్తా. అన్నని కాదు."

అత్త లేచి వెళ్లి బెల్లం ముక్క తెచ్చి పిల్ల నోట్లో పెట్టింది.

"ఈ గుంట సేత ఆ మాట మాన్పించు" అంది.

"నువ్వూ ఇన్నావు కదత్తా. తడకవతల్నించి ఇన్నావు."

"నానేటీ ఇన్లేదు. మగోడు పెళ్లాన్ని బావా అంటాడేటే? సచ్చినోణ్ణి పట్టుకుని పేటలో నవ్వులపాలు సేత్తావా? నా కొడుకు మగోడు."

నేను మరిదికి కూడా చెప్పాను. వాడు విని నవ్వాడు. ఆ నవ్వు ఇప్పటికీ నాకు జ్వరం తెప్పిస్తుంది.

"నీ అన్న కోసం మా అన్నని ఆడదాన్ని సేసీసేవు వదినా."

ఇంకేం చెప్పను. నిందపడ్డవాడికి నేను చెల్లెల్ని. నా సాక్ష్యం ఎవరికి కావాలి. నా మాట నిజమని చెప్పగలిగేవాళ్లు ఇద్దరే. ఒకరు అత్త, రెండోది మూడేళ్ల పిల్ల. పిల్ల నాలుగేళ్లు నిండేసరికి ఆ మాట మర్చిపోయింది. అడిగితే "అలా అన్లేదు నాను" అనేది.

మరిది చెడ్డవాడని ఎవరూ అనుకోవద్దు. వాడు సముద్రం మానేసి ఉక్కు ఫ్యాక్టరీలో కాంట్రాక్టు కింద పనికి చేరాడు. తెచ్చిందంతా మాకే. నా కూతుర్ని బడికి భుజం మీద మోసుకెళ్లింది వాడు. దానికి కామెర్లొస్తే వారం రోజులు ఆకుపసరు కోసం తిరిగింది వాడు. పెళ్లి చేసుకోరా అంటే మాత్రం "ఆ పనయ్యాక" అనేవాడు. ఆ పని ఏమిటో ఇంట్లో అందరికీ తెలుసు. అన్నం వడ్డిస్తూ వింటాం, వడ్డిస్తూనే ఉంటాం. వాడి కంచంలో కూర వేస్తూ ఆ చేతినే చూసేదాన్ని. ఆ చెయ్యి నా పిల్ల జడ వేసే చెయ్యి, ఆ చెయ్యే కత్తికి నూనె రాసే చెయ్యి.

నేనేం చేశానంటే, చేపల తొట్టిలో ఉప్పునీళ్లు చెంబుతో తెచ్చి గోనెగుడ్డని తడిపి మళ్లీ చుట్టేసేదాన్ని. నాలుగు రోజుల్లో కత్తి ఎర్రబడేది. వాడు నెలకో రెండు నెలలకో దింపి, అరగదీసి, ఇంజనాయిలు రాసి పెట్టేవాడు. నేను మళ్లీ తడిపేదాన్ని. ఇలా ఏళ్లు. తాటాకిల్లు పోయి స్లాబు ఇల్లు వచ్చింది. కత్తి చూరులోంచి అటక మీదికి మారింది. తడక పోయి గోడ వచ్చింది. ఒకరోజు వాడు కత్తి గచ్చు మీద పెట్టుకుని, నా వైపు చూడకుండానే అన్నాడు:

"ఇనుం సంగతి మాకు తెలవదేటి వదినా. ఎంత సముద్రపు గాలైనా ఇంత బేగి ఇంత తుప్పు పట్టదు. ఉప్పు తగలాల."

 వాడు కత్తిని అదే గుడ్డలో చుట్టి, అదే చోట పెట్టాడు. ఇంకోచోట దాచొచ్చు. దాచలేదు. ఎందుకు దాచలేదో అడగడానికి నాకు ధైర్యం చాల్లేదు.

ఒక ఏడు సింహాచలంలో స్వామికి చందనం ఒలిచే రోజున నేను గోపాలపట్నం మార్కెట్లో చేపలు పెట్టుకుని కూర్చున్నాను. పక్కన రొయ్యలమ్మే ఆవిడ వంగి, "మీ అన్నని సింహాసలం మెట్ల కాడ సూసేనే, గుండు సేయించుకున్నాడు" అంది. ఆ మాట నాకే చెప్పిందో, పొద్దుట్నుంచి ఎంతమందికి చెప్పిందో. గంప ఆవిడకే అప్పజెప్పి బస్సెక్కాను.

కొండ మీద మనిషి మీద మనిషి. ఎవర్ని చూసినా గుండే, ఏ గుండు చూసినా చందనమే. నా అన్నకి ఎడమ చెవి వెనక గేలం గుచ్చుకున్న మచ్చ ఉంది. జుట్టు లేకపోతే కనపడుతుంది కదా అని ఒక్కొక్క మనిషి వెనక చేరి చెవి వెనక చూడటం మొదలుపెట్టాను. ఒక పెద్దాయన తిరిగి అన్నాడు:

"ఏటమ్మా, నా సెవిలో ఏటెతుకుతన్నావు? ఏటైనా పారీసుకున్నావా?"

ఆయన వెనకున్నవాళ్లు నవ్వారు.  అన్న కనపడితే ఏం చెప్పాలో కూడా అనుకోలేదు. పారిపో అని చెప్పాలి, అంతే. నాలుగు మెట్లు దిగి తల ఎత్తేసరికి ఎదురుగా మరిది. చంకలో గుడ్డసంచీ.

"ఏటొదినా, దర్శనానికా?"

"అవును బాబూ. నువ్వు?"

"నానూ దర్శనానికే."

"సంచీ బరువుగుంది. ఇలాగియ్యి, నాను మోత్తాను."

"నీకెందుకు. నెత్తి మీద గంప లేపోతే తోసదేటి నీకు?"

ఇద్దరం దర్శనం లైన్లో నిలబడ్డాం. మధ్యాహ్నం దాకా. సంచీ వాడికీ నాకూ మధ్య నా మోకాలికి తగులుతూనే ఉంది, గట్టిగా, పొడుగ్గా. వాడు గోలీసోడా కొట్టించి ముందు నాకిచ్చాడు. చెంగుతో మొహం తుడుచుకోమన్నాడు. స్వామి ముందు నిలబడ్డప్పుడు ఇద్దరం దండం పెట్టాం. వాడు ఏం కోరాడో నాకు తెలుసు, నేనేం కోరానో వాడికి తెలుసు. ఆ దేవుడు ఇద్దరి మాటా ఎలా విన్నాడో.

అన్న అక్కడ లేడు. రొయ్యలావిడ వేరెవర్నో చూసింది. కొండ దిగుతుంటే మరిది అన్నాడు:

"బావ ఒస్తే నాకంటే ముందు నీకే తెలుస్తాది. తెలిస్తే సెప్తావా?"

"సెప్పను."

"అద్ది" అని నవ్వి, నా కోసం ఇంకో సోడా కొట్టించాడు.

ఎనిమిదో ఏట మా నాన్న పోయాడు. పొద్దున్న గుమ్మంలో కూర్చుని వల కుడుతూ కుడుతూ వాలిపోయాడు. సూది చేతిలోనే ఉంది.

నేను ఏడవలేదు. ఏడుపుకంటే ముందు భయం వచ్చేసింది. నాన్నకి కొరివి పెట్టాల్సింది అన్న. కబురు పంపితే వస్తాడు. వస్తే చస్తాడు. పంపకపోతే నాన్న కొడుకు చెయ్యి లేకుండా వెళ్లిపోతాడు. అయినా అన్న ఎక్కడున్నాడో నాకు తెలియదు కదా, తెలియకపోవడమే మంచిదైంది అనుకున్నాను. పినతండ్రి కొడుకు ఒకడున్నాడు, వాడి చేత పెట్టించేద్దామన్నాను.

అత్త నాన్న శవం దగ్గర్నుంచి లేచింది. కొంగు ముడి విప్పింది. మడతలు చిరిగిపోయిన చిన్న కాగితం.

"పద, ఫోన్ బూతుకి పోదాం" అంది.

"ఎవరికత్తా?"

"నీ అన్నకి. పారాదీపు రేవులో ఉన్నాడు."

నేను ఆ కాగితం చేతిలోకి తీసుకున్నాను.

"పండగపండక్కీ బూతుకి ఫోన్ సేత్తాడు ఆడు. బూతోడొచ్చి నన్ను పిలుత్తాడు. ఎల్లి తిడతాను. నా కొడుకుని పొట్టనెట్టుకున్నావురా అని తిడతాను. ఇంటాడు. తిట్లయ్యేక పెట్టేత్తాడు. తిట్టించుకోడానికే సేత్తాడేమో."

ఎనిమిదేళ్లుగా నా అన్న బతికున్నాడో లేదో నాకు తెలియదు. నాతో ఒకే ఇంట్లో ఉంటూ, ఒకే పొయ్యి మీద వండుకుంటూ, ఆవిడ ఆ కాగితాన్ని నడుముకి కట్టుకుని తిరిగింది. నాకు అత్త మీద కోపం వచ్చింది. ఆ వెంటనే ఇంకోటి తోచింది. చంపించడానికే పిలుస్తోందా ఈవిడ అని.

బూతులో అత్త ఫోన్ చెవికి పెట్టుకుని ఈసారి తిట్టలేదు. "మీ నాయన పోయేడు. రా" అంది. పెట్టేసింది.

అన్న రావడానికి మర్నాడు మధ్యాహ్నం అవుతుంది. హార్బరు నుంచి ఐసు దిమ్మలు తెచ్చి, పొట్టులో చుట్టి నాన్నకి అటూ ఇటూ పెట్టారు. నేను ఇంట్లోకి వెళ్లి అటక చూశాను. గోనెగుడ్డ ఉంది. కత్తి లేదు.

మరిది నాన్న ఇంటి అరుగు చివర కూర్చుని ఉన్నాడు, ఒళ్లో గుడ్డసంచీ. దగ్గరికెళ్లి కూర్చున్నాను.

"బాబూ, పోయినోడు నీకూ మేనమావే. నిన్నెత్తుకు పెంచేడు. ఈ ఒక్క పనీ అవనీ."

"అవనిత్తాను వదినా. కుండ పగిలీదాకా ఆగుతాను."

"అదయ్యేక?"

 కాళ్ల దగ్గర ఐసు నీళ్లు పారుతుంటే వాడు చెప్పులు తీసి పక్కన పెట్టుకున్నాడు.

మర్నాడు అన్న వచ్చాడు. ఆటో సందు మొదట్లో ఆపి నడిచొచ్చాడు. మనిషి సగమయ్యాడు. పేటంతా గోడలకి అతుక్కుని చూస్తోంది. వాడు ఎవర్నీ చూడలేదు. నాన్న కాళ్ల మీద పడి, లేచి, అత్త వైపు తిరిగాడు. అత్త వాడి తల మీద చెయ్యి పెట్టలేదు, పొమ్మనీ అనలేదు. మరిది అరుగు మీదే కూర్చున్నాడు, కదల్లేదు.

మా పేటలో ఆడవాళ్లు శవం వెంట కాటిదాకా వెళ్లరు. ఇసక మొదలయ్యే చోట ఆగిపోతారు. ఆ రోజు నేను ఆగాను, అత్త ఆగలేదు. "ఆగత్తా" అని ఎవరో అంటే, "నా అన్నరా ఆడు" అంది, నడుస్తూనే ఉంది. అత్త ఆగకపోతే నేనెందుకు ఆగాలి. నేనూ వెళ్లాను.

ఎండ కళ్లలో పడుతోంది. అన్న తడిబట్టతో, గుండుతో, నీళ్ల కుండ భుజం మీద పెట్టుకుని చితి చుట్టూ తిరుగుతున్నాడు. ఒక్కో చుట్టుకీ కుండకి ఒక్కో చిల్లు. మొదటి చుట్టు. నీళ్లు వాడి వీపు మీద కారుతున్నాయి. చెవి వెనక మచ్చ కనపడింది. రెండో చుట్టుకి మరిది సంచీలో చెయ్యి పెట్టాడు. నేను అరుద్దామనుకున్నాను.  చూసినవాళ్లు చూసి పక్కకి జరిగారు. మూడో చుట్టు సగంలో ఉంది.

అత్త చితికీ మరిదికీ మధ్యకి వెళ్లి నిలబడింది.

"ఒరే. నా మాటిను. మీ అన్న దీన్ని బావా అని పిలిసీవోడు" అని నా వైపు వేలు చూపించింది. "ఇంట్లో. తడకవతల నాను ఇన్నాను. సచ్చిపోతా పిలిసింది దీన్నే. మీ బావని కాదు."

ఎక్కడో ఒక మగవాడు నవ్వాడు. పుసుక్కున నవ్వి ఆపుకున్నాడు. అత్త ఎనిమిదేళ్లు భయపడ్డ నవ్వు అదే. ఆవిడకి వినపడింది. మొహం నల్లబడింది, అయినా పక్కకి తప్పుకోలేదు.

"నువ్వూ అబద్ధమే సెప్తన్నావమ్మా" అన్నాడు మరిది. "మేనల్లుడి కోసం."

అత్త వాడికి ఒట్టు పెట్టలేదు. దేవుణ్ణి తలవలేదు. కళ్లు మూసుకుని, గొంతు లావు చేసి, ఆఖర్న కొంచెం సాగదీసి, అచ్చం కొడుకు గొంతుతో పిలిచింది:

"బా...వా. సల్దెట్టు. ఆకలేస్తంది బా...వా."

 ఆయనే పిలిచినట్టుంది. ఆ సాగదీత ఆయనకొక్కడికే ఉంది. తల్లి కాబట్టి పట్టుకోగలిగింది. ఎవరూ కల్పించలేరు దాన్ని. నా అన్నతో అయితే ఆయన అలా సాగదియ్యడు. మగవాళ్లతో టక్కున, తెంపేసినట్టు అంటాడు. మరిదికి ఆ తేడా తెలుసు. సొంత తమ్ముడు కదా. వాడి చెయ్యి సంచీలోనే ఉండిపోయింది. మొహం చిన్నపిల్లాడి మొహం అయిపోయింది.

అన్న మూడో చుట్టు ముగించి, కుండతో అక్కడే నిలబడిపోయాడు. పగలగొట్టాలా వద్దా తెలియనట్టు. నీళ్లన్నీ కారిపోయాయి.

"కుండ ఒగ్గీ బావా" అన్నాడు మరిది. "సెయ్యి నొప్పెడతాది."

అన్న వెనక్కి వదిలాడు. కుండ పగిలింది. మరిది ఇసకలో కూలబడ్డాడు.

తర్వాత వాడు సంచీ తెచ్చి నా చేతికిచ్చాడు. "ఇంట్లో పెట్టీ వదినా. సేపలకైనా పనికొస్తాది" అన్నాడు. తీసుకెళ్లే ముందు అరగదీసి ఉంటాడనుకుని ఇంటికెళ్లి విప్పి చూశాను. నూనె లేదు. రెండు వైపులా తుప్పు పట్టి పొరలు లేస్తోంది. నేను ఆఖరుసారి ఉప్పునీళ్లు పోసింది నెల కిందట. ఆ కత్తి వేలెడంత కవళ్ల చేపని కూడా కొయ్యదు. ఆ సంగతి తెలిసే తీసుకెళ్లాడో, చూసుకోకుండా తీసుకెళ్లాడో. వాడికి ఇప్పుడు పెళ్లయి ఇద్దరు పిల్లలు. నేను అడగలేదు, అడగను.

ఒక సంగతి ఒప్పుకోవాలి. అత్త చెప్పిన మాటతో నా అన్న చెయ్యలేదని రుజువు కాలేదు. చేశాడన్న రుజువు పోయింది, అంతే. ఐసు మిల్లు వెనక ఆ రోజు ఏం జరిగిందో ఎవరికీ తెలియలేదు, ఇక తెలియదు. కాలు జారాడేమో. కొట్టినవాడు ఉంటే వాడు ఏ ఊళ్లో ఎవరికి బావగా తిరుగుతున్నాడో.

కర్మ అయ్యాక అన్న పారాదీపు వెళ్లిపోతూ స్టేషనులో నన్నొకటి అడిగాడు. రైలు కదలడానికి ఇంకా టైముంది. నేను వాడికి టిఫిను కట్టిన పొట్లం ఇస్తున్నాను.

"సెల్లీ, ఆళ్ల సంగతొగ్గీ. నువ్వు నమ్మేవా?"

"లేదన్నయ్యా. ఒక్కరోజు కూడా నమ్మలేదు" అన్నాను.

వాడు తల ఊపి పొట్లం తీసుకున్నాడు.

అది అబద్ధం. నమ్మాను. ఆ పదకొండు రోజులూ నమ్మాను. ఆ తర్వాత కూడా, పిల్ల ఆట చూశాక కూడా, కొన్ని పొద్దులు కత్తికి నూనె వాసన వస్తే, రానీ, జరగనీ, అనుకున్న పొద్దులు ఉన్నాయి. మళ్లీ ఆ చేత్తోనే ఉప్పునీళ్లు పోశాను.

అన్నకి చదవడం రాదు. రేపు వాడొస్తున్నాడు. దీన్ని నా కూతురు వాడికి చదివి వినిపిస్తుంది. ఇక్కడికి వచ్చేసరికి గొంతు తగ్గించవద్దని దానికి చెప్పాను. నమ్మాను అన్న మాట దగ్గర ఇందాక కలం ఆపేసింది. రాయవే అన్నాను. రాసింది.